అంకెలు తారుమారైతే ఎంత పోతుంది? - ఒక పరీక్ష లెక్క, దాని వెనకున్న చరిత్ర

పోస్టు కాస్త పొడుగ్గా ఉంటుంది, ఓపిగ్గా చదవండి. డీఎస్సీకో, కానిస్టేబుల్‌కో, గ్రూప్స్‌కో చదువుతున్న మన తమ్ముళ్ళు, చెల్లెళ్ళు తప్పకుండా చదవాలి.

ముందు ఒక లెక్క. మీరందరూ ఎక్కడో ఒకచోట చూసే ఉంటారు.

"ఒక రెండంకెల సంఖ్యలోని అంకెల మొత్తం 9. ఆ అంకెలను తారుమారు చేయగా వచ్చిన సంఖ్య మొదటి సంఖ్య కంటే 27 ఎక్కువ. అయిన ఆ సంఖ్య ఎంత?"

ఆశ్రమ పాఠశాలలో చదివిన రోజుల్లో ఈ లెక్క కనిపిస్తే పేజీ తిప్పేసేవాణ్ణి. "కొండోళ్ళకి లెక్కలు ఎక్కవురా" అని ఒక మాస్టారు క్లాసులోనే అన్నారు. నేనూ నమ్మేశాను. పదో తరగతి అయ్యాక లెక్కలు లేని కోర్సు ఏదుందా అని వెతుక్కున్నాను. మనలో చాలామంది కథ ఇదే కదా.

అయితే ఈ లెక్క నా జీవితంలోకి పుస్తకం కంటే ముందే వచ్చింది. ఆ సంగతి చాలా ఏళ్ళకి గానీ తెలీలేదు.

నాకు పదేళ్ళప్పుడు నాయనమ్మతో కలిసి అనాసపళ్ళు అమ్మడానికి సంతకి దిగాను. మాది సీతంపేట వైపు కొండల్లో సవర ఊరు. షావుకారు పళ్ళు దింపించుకుని చీటీ రాసిచ్చాడు. అంకెలు చదవడం వచ్చింది కాబట్టి నేనే గర్వంగా చదివాను: "ముప్పై ఆరు." నాయనమ్మ ఒప్పుకోలేదు. "కాదురా, మూడు ఇరవైలు, పైన మూడు" అంది సవరలో. నేనేమన్నానో తెలుసా? "కాయితం మీద రాసుంది కదా, నీకు లెక్క రాదు" అన్నాను. ముప్పై ఆరు పళ్ళకే డబ్బులు తీసుకుని వచ్చేశాం.

మూడు ఇరవైలు అరవై, పైన మూడు, మొత్తం 63. చీటీలో ఉన్నది 36. షావుకారు కావాలని రాశాడో, చెయ్యి జారిందో నాకు తెలీదు. 27 పళ్ళు పోయాయి. పైన ఇచ్చిన లెక్కలో ఉన్నదీ అదే 27. అందుకే ఈ లెక్క నాకు ఉత్త పరీక్ష ప్రశ్నలా కనిపించదు.

ఇక చరిత్రలోకి వద్దాం.

అంకెలు తారుమారు చేస్తే సంఖ్య మారిపోవాలంటే, అంకె విలువ అది నిలబడ్డ చోటుని బట్టి ఉండాలి. ప్రపంచంలో అన్ని రాతలూ అలా లేవు. రోమన్లు పదికి ఒక గుర్తు, అయిదుకి ఒక గుర్తు, ఒకటికి ఒక గుర్తు పెట్టుకున్నారు. ముప్పై ఆరు రాయాలంటే పది గుర్తు మూడుసార్లు, అయిదు గుర్తు ఒకసారి, ఒకటి గుర్తు ఒకసారి వేస్తారు. దాన్ని వెనక నుంచి రాస్తే అరవై మూడు రాదు. వాళ్ళ రాతలో పదుల స్థానం, ఒకట్ల స్థానం అనేవే లేవు. కాబట్టి ఈ లెక్కని ఆ రాతలో అడగడమే కుదరదు.

స్థానాన్ని బట్టి విలువ ఇచ్చే పదుల పద్ధతి మన దేశంలో ఎదిగింది. క్రీ.శ. 499 నాటి ఆర్యభటీయంలో, ప్రతి స్థానమూ దాని ముందు స్థానానికి పది రెట్లు అనే నియమం ఉంది. 628లో బ్రహ్మగుప్తుడు సున్నాతో కూడికలు, తీసివేతలు, గుణకారాలు ఎలా చెయ్యాలో నియమాలు రాశాడు. 825 ప్రాంతంలో బాగ్దాదులో అల్ ఖ్వారిజ్మీ ఈ హిందూ లెక్కింపు మీద పుస్తకం రాశాడు. 1202లో ఇటలీవాడు ఫిబొనాచి దీన్ని యూరపు వర్తకులకి విడమరిచి చెప్పాడు. మన ఫోన్లలో కనిపించే 0 నుంచి 9 దాకా అంకెలు అలా ఊళ్ళు తిరిగి వచ్చినవే.

తెలుగుకీ ఇందులో వాటా ఉంది. 9వ శతాబ్దంలో రాష్ట్రకూట రాజు అమోఘవర్షుని కాలంలో మహావీరాచార్యుడనే జైన పండితుడు గణితసారసంగ్రహం రాశాడు. ముందు నుంచి చదివినా వెనక నుంచి చదివినా ఒకేలా ఉండే సంఖ్యలంటే ఆయనకి సరదా. వాటిని హారాలతో పోల్చాడు. 139ని 109తో గుణించి చూడండి, 15151 వస్తుంది. ఇలాంటివి తారుమారు చేసినా మారవు. ఆ పుస్తకాన్నే పావులూరి మల్లన తెలుగు పద్యాల్లోకి తెచ్చాడు. తెలుగులో మనకి దొరికిన తొలి గణిత గ్రంథంగా దాన్ని చెబుతారు.

ఇది సగం కథ. మిగతా సగం, తెలియని సంఖ్యకి పేరు పెట్టడం.

తెలియనిదాన్ని ఎలా పట్టుకోవాలి? ముందు దానికో పేరు పెట్టాలి, తర్వాత తెలిసినదాన్ని చూసినట్టే దాన్నీ చూడాలి. మన పాత గణితంలో మొదటి తెలియని రాశిని "యావత్తావత్" అన్నారు, అంటే ఎంతైతే అంత అని. రెండోది, మూడోది ఉంటే రంగుల పేర్లు పెట్టారు: నలుపు, నీలం, పసుపు, ఎరుపు. భాస్కరాచార్యుని బీజగణితంలో ఈ పేర్లే ఉన్నాయి. అరబ్బులు దాన్ని "వస్తువు" అనేవారు. మనం బడిలో చూసి భయపడే ఎక్స్, వై, జెడ్ అక్షరాలు 1637లో ఫ్రాన్సువాడు డెకార్ట్ పుస్తకంతో వచ్చినవి. కాబట్టి ఎక్స్ అనే అక్షరంలో మహిమేమీ లేదు. దాన్ని నలుపు అనుకున్నా, నీలం అనుకున్నా లెక్క తేలుతుంది.

ఇప్పుడు మన లెక్క చేద్దాం. పదుల అంకెని "ప" అందాం, ఒకట్ల అంకెని "ఒ" అందాం.

చాలామంది తప్పు చేసేది ఇక్కడే. సంఖ్యని ప + ఒ అని రాసేస్తారు. అది అంకెల మొత్తం, సంఖ్య కాదు. "ప" పదుల స్థానంలో నిలబడింది కాబట్టి దాని విలువ పది రెట్లు. సంఖ్య 10ప + ఒ. తారుమారు చేస్తే 10ఒ + ప. ఇంతకుముందు చెప్పుకున్న ఆర్యభటుని నియమమే ఇది.

రెండోదాంట్లోంచి మొదటిది తీసేస్తే 9ఒ - 9ప మిగులుతుంది. అంటే రెండంకెల తేడాకి తొమ్మిది రెట్లు. అది 27 అన్నారు కాబట్టి అంకెల తేడా 3. మొత్తం 9, తేడా 3. రెండూ కలిపితే 12, అందులో సగం 6. అది పెద్ద అంకె, ఇక్కడ "ఒ". మిగిలిన 3 "ప". సంఖ్య 36. తారుమారు చేస్తే 63. తేడా 27. సరిపోయింది.

పరీక్షకి పనికొచ్చే ముక్క ఒకటి. రెండంకెల సంఖ్యని తారుమారు చేస్తే తేడా ఎప్పుడూ తొమ్మిదో ఎక్కంలోనే ఉంటుంది. ఎవరైనా తేడా 25 అంటే అలాంటి సంఖ్యే లేదని వెంటనే చెప్పొచ్చు. మూడంకెల సంఖ్యలో మొదటి, చివరి అంకెలు మార్చితే తేడా 99 ఎక్కంలో ఉంటుంది, మధ్య అంకెతో పనే లేదు.

మరి తొమ్మిదే ఎందుకు? ఇక్కడే నాకు మా నాయనమ్మ గుర్తొస్తుంది.

సవర భాషలో పన్నెండు దాకా లెక్కపెట్టి, పదమూడుని పన్నెండు-ఒకటి అంటారు. ఇరవై ఇంకో మెట్టు. ముప్పై మూడు అంటే ఇరవై, పన్నెండు, ఒకటి. అరవై అంటే మూడు ఇరవైలు. వ్యావహారిక భాష కోసం పోరాడిన గిడుగు రామమూర్తి పంతులు గారు పర్లాకిమిడిలో ఉండగా సవర నేర్చుకుని, మన భాషకి వ్యాకరణం (1931), నిఘంటువు (1938) తయారుచేశారు. ప్రపంచ భాషల్లో లెక్కింపు పద్ధతుల్ని పోల్చే పండితులు సవర లెక్కని ప్రత్యేకంగా చెప్పుకుంటారు. పన్నెండునీ ఇరవైనీ కలిపి వాడే భాషలు అరుదు.

తొమ్మిది అంటే పదిలో ఒకటి తక్కువ. మనం పదుల్లో రాస్తున్నాం కాబట్టి ఆ తేడా తొమ్మిది ఎక్కంలో పడుతోంది, అంతే. పన్నెండుల్లో రాసే లోకమైతే అది పదకొండు ఎక్కం అయ్యేది. ఇరవైల్లో రాస్తే పందొమ్మిది ఎక్కం. పది అనేది మనుషులు చేసుకున్న ఒక ఒప్పందం. నాయనమ్మది ఇంకో ఒప్పందం. ఆమె లెక్కకీ మెట్లున్నాయి, నియమం ఉంది. పైగా ఆ రోజు సంతలో తప్పు లేకుండా లెక్కపెట్టింది ఆమె ఒక్కతే.

మన భాషలకి అంకెలే లేవని ఎవరైనా అంటే ఇవి చెప్పండి. 1936లో మంగేయి గొమాంగో సవర భాషకి సొరంగ్ సొంపెంగ్ లిపి తయారుచేశారు, అందులో సొంత అంకెలున్నాయి. ఆదిలాబాద్ జిల్లా గుంజాల గ్రామంలో దొరికిన రాతప్రతుల గోండి లిపికీ సొంత అంకెలున్నాయి. 2018లో అది యూనికోడ్‌లోకి ఎక్కింది.

అయితే ఒక మాట సూటిగా చెప్పాలి. నోటి లెక్క మనది బాగున్నా, చీటీ మాత్రం పదుల్లోనే రాస్తారు. జీసీసీ రసీదు, ఉపాధి హామీ కూలి డబ్బు, బ్యాంకు పాసుబుక్కు, పట్టాలో సర్వే నెంబరు అన్నీ పదుల్లోనే ఉంటాయి. అక్కడ ఒక అంకె చోటు మారితే నష్టం మనకే. నాయనమ్మకి లెక్క వచ్చు, రాత రాదు. నాకు రాత వచ్చు, ఆమె లెక్క మీద నమ్మకం లేదు. ఆ రెంటి మధ్యనే మా 27 పళ్ళు పోయాయి. అందుకే రెండూ నేర్చుకుందాం.

ఇళ్ళకి వెళ్ళినప్పుడు పెద్దవాళ్ళని కూర్చోబెట్టి మీ భాషలో ఒకటి నుంచి వంద దాకా లెక్కపెట్టమని అడగండి. కోయ, కువి, జాతాపు, గదబ, ఎవరిదైనా సరే, రాసి పెట్టుకోండి. ఆ తర్వాత మీ తమ్ముడికో చెల్లికో ఈ లెక్క ఇవ్వండి: అంకెల మొత్తం 11, తారుమారు చేస్తే 45 ఎక్కువ. సంఖ్య ఎంత?

తేలకపోతే తిట్టకండి. పక్కన కూర్చుని, పదుల అంకె ఎక్కడ నిలబడిందో చూపించండి చాలు.

జై ఆదివాసీ.