కాగితపు పువ్వు – వృక్షశాస్త్ర సాక్ష్యం: మేరీ డెలానీ కృషి

తెలుగు వ్యవహారంలో కాగితపు పువ్వు వాసన లేని అందానికి, ప్రాణం లేని అనుకరణకు సంకేతం. పందిరికి అలంకారంగా పనికివచ్చినా పూజకు పనికిరాదన్న భావన దానిని అంటిపెట్టుకొని ఉంది. అయితే 18వ శతాబ్దపు ఇంగ్లండులో ఒక వృద్ధురాలు కత్తిరించిన కాగితపు పూలు శాస్త్రజ్ఞులకు ప్రమాణాలుగా నిలిచాయి. అనుకరణ ఏ స్థితిలో జ్ఞానంగా మారుతుందన్న ప్రశ్నకు ఈ చరిత్ర కొంత సమాధానం ఇస్తుంది.

నేపథ్యం

మేరీ డెలానీ 1700లో జన్మించింది. పదిహేడేళ్ల వయస్సులో, అరవైకి చేరువలో ఉన్న వ్యక్తితో బంధువులు ఆమెకు వివాహం జరిపించారు. కొన్నేళ్లకే ఆమె వితంతువయింది. 1743లో ఐర్లండుకు చెందిన మతాచార్యుడు ప్యాట్రిక్ డెలానీని వివాహమాడింది. 1768లో ఆయన మరణించిన తరువాత, స్నేహితురాలైన పోర్ట్‌లండ్ డచెస్ నివాసం బుల్‌స్ట్రోడ్‌లో ఎక్కువ కాలం గడిపింది. దేశదేశాల మొక్కలు పెరిగే ఆ తోటకు లిన్నేయస్ శిష్యుడు డేనియల్ సోలాండర్, జోసెఫ్ బ్యాంక్స్ వచ్చిపోతుండేవారు. విలియం హడ్సన్ లాటిన్‌లో రాసిన ‘ఫ్లోరా ఆంగ్లికా’ను ఆమె 1769లో ఆంగ్లంలోకి అనువదించుకుంది. కత్తెర పట్టడానికి ముందే ఆమెకు శాస్త్ర పరిభాష పరిచితమని దీనివల్ల తెలుస్తున్నది.

నిర్మాణ విధానం

1772లో, 72 ఏళ్ల వయస్సులో, ఒక ఎర్ర కాగితం రంగు జెరేనియం పూరేకు రంగుతో సరిపోలడం గమనించి ఆమె ఆ పువ్వును కాగితంలో కత్తిరించింది. డచెస్ దానిని నిజమైన పూరేకులుగా భ్రమపడిందని ప్రతీతి. అప్పటినుండి ఆకర్షణ పత్రాలు, రక్షక పత్రాలు, కేసరాలు, ఆకుల ఈనెలు వేటికవి విడివిడిగా కత్తిరించి, నల్లరంగు పూసిన కాగితంపై అతికించడం ఆమె పద్ధతి అయింది. వెలుగునీడల కోసం ఒకే పూరేకుపై ముదురు, లేత ఛాయల కాగితపు ముక్కలను పొరలుగా పేర్చేది. అవసరమైనచోట కొద్దిగా నీటిరంగు వాడేది. అరుదుగా నిజమైన ఆకును కూడా చేర్చేది.

ఈ విధానానికి శాస్త్రంతో గల సంబంధం గమనార్హం. లిన్నేయస్ వర్గీకరణకు ముఖ్యాధారం కేసరాల, కీలాల సంఖ్య. కుంచెతో ఒక్క గీతలో సూచించి వదిలివేయగల కేసరాన్ని కత్తెర పట్టినవారు లెక్కపెట్టి తీరాలి. పువ్వును కాగితంలో కూర్చాలంటే ముందుగా దానిని మనస్సులో విడదీయాలి. అందువల్ల ఆమె అలంకరణ కళ ఒక విధమైన విచ్ఛేదనం కూడా. ఎండబెట్టిన నమూనాలో నశించే రంగు, ఆకృతి ఆమె పూలలో నిలిచాయి. తప్పు జరుగుతుందన్న భయం లేకుండా మొక్కను శాస్త్రీయంగా వర్ణించడానికి ఆధారపడదగిన అనుకృతులు ఇవేనని బ్యాంక్స్ అభిప్రాయపడినట్లు చెబుతారు.

పటాల వెనుక మొక్క పేరు, తేదీ, స్థలం, నమూనా ఇచ్చినవారి వివరాలు రాసి ఉంచడం ఆమె అలవాటు. వెయ్యి పటాలు పూర్తిచేయాలని ఆశించినా, చూపు మందగించడంతో 1782లో 985 వద్ద ఆగిపోయింది. 1788లో మరణించింది. 1897లో ఆ సంపుటాలు బ్రిటిష్ మ్యూజియంకు చేరాయి.

కోరమాండల్‌తో పోలిక

డెలానీ పూలను మెచ్చిన బ్యాంక్స్ పర్యవేక్షణలోనే 1795 నుండి విలియం రాక్స్‌బర్గ్ ‘కోరమాండల్ తీరపు మొక్కలు’ గ్రంథం వెలువడింది. మూడు సంపుటాల్లో 300 చిత్రాలున్న ఆ గ్రంథానికి సామర్లకోటలో రాక్స్‌బర్గ్ జరిపిన పరిశీలనలు పునాది. మొక్కల తెలుగు పేర్లు అందులో నమోదయ్యాయి. వాటిని చిత్రించిన దేశీయ కళాకారుల పేర్లు మాత్రం నమోదు కాలేదు. డెలానీ తన పటాల మూలన పేరులోని తొలి అక్షరాలను కత్తిరించి అతికించగలిగింది. సామర్లకోట చిత్రకారులకు ఆ అవకాశం దక్కలేదు.

ముగింపు

చేతిపనిని అలంకారమనీ, గ్రంథాన్ని జ్ఞానమనీ వేరుచేసే చూపు ఈ రెండు ఉదాహరణల ముందు నిలువదు. లెక్క తప్పని కేసరం కాగితంలో ఉన్నా, రంగులో ఉన్నా, దాని వెనుక చూసిన కన్ను, పనిచేసిన చెయ్యి ఉన్నాయి. వాటిని గుర్తించడం చరిత్ర రచన బాధ్యత.