ఓడెక్కిన పసివాళ్ళు

వలస అంటే మా లోయర్ ట్యాంక్ బండ్ వైపు అమెరికా మాటే. చిక్కడపల్లిలో, అశోక్ నగర్‌లో ఏ అపార్ట్‌మెంట్‌లో అడిగినా ఒక మనవడో మనవరాలో అక్కడే పెరుగుతుంటారు. కానీ తెలుగు పిల్లలు సముద్రం దాటడం కొత్తేమీ కాదండీ.

1860 నవంబర్ 16న 'ట్రూరో' అనే ఓడ మద్రాసు నుంచి డర్బన్ చేరింది. అందులో 342 మంది. ఐదేళ్ళ ఒప్పందం మీద చెరకు తోటల్లో కూలికి వెళ్ళిన తమిళులు, తెలుగువాళ్ళు, వాళ్ళ పిల్లలు. 1911 వరకు అలా లక్షా యాభై వేల మందికి పైగా భారతీయులు నేటాల్ వెళ్ళారు. ఒప్పుకున్నది పెద్దవాళ్ళు. ఊరు పోగొట్టుకున్నది పిల్లలు కూడా.

బ్రిటన్ తన పేద పిల్లల్ని ఒంటరిగానే ఆస్ట్రేలియా పంపేసింది. అమ్మానాన్నలు బతికుండగానే చాలామందికి అనాథలని చెప్పారు. 2009లో, అదీ నవంబర్ 16నే, ప్రధాని కెవిన్ రడ్ వాళ్ళకి క్షమాపణ చెప్పారు. మన పిల్లల్లో చాలామంది పక్కన అమ్మైనా ఉంది. భాష కొంతైనా మిగిలింది అందుకేననుకుంటాను.

దక్షిణాఫ్రికాలో వాళ్ళు 1931లో ఆంధ్ర మహాసభ పెట్టుకున్నారు. మారిషస్‌లో ఉగాదికి సెలవు. నాయుడు 'నాయ్‌డూ' అయ్యాడు కానీ పేరు పోలేదు. ఓడ పట్టీల్లో తండ్రి పేరు, వయసు, ఊరు రాసి ఉన్నాయి. వాటిని పట్టుకునే ఇప్పటి మునిమనవలు మన ఊళ్ళు వెతుక్కుంటూ వస్తున్నారు.

మన పిల్లలకి పాస్‌పోర్ట్ ఉంది, వీడియో కాల్ ఉంది. ముత్తాతగారి ఊరేదంటే మాత్రం నీళ్ళు నములుతారు. కూలీల లెక్క కోసం ఆ గుమాస్తా రాసినపాటి వివరాలు, ప్రేమ కొద్దీ మనం రాసిపెట్టలేమా? ఒక నోట్‌బుక్ చాలు.