హైదరాబాదులో రేడియో యాజమాన్యం – ప్రసార నియంత్రణ: స్థానికత ప్రశ్న (1933–2024)

హైదరాబాదు నగరంలో చిక్కడపల్లి, నారాయణగూడ, అశోక్‌నగర్ ఒకదానినొకటి ఆనుకొని ఉన్న పేటలు. ఆర్టీసీ క్రాస్‌రోడ్స్ సినిమాహాళ్లు, త్యాగరాయ గానసభ, నగర కేంద్ర గ్రంథాలయం, పోటీపరీక్షల శిక్షణ కేంద్రాలు, వాటి చుట్టూ వెలసిన హాస్టళ్లు ఈ ప్రాంతానికి గుర్తులు. నగరంలోని ప్రతి రేడియో కేంద్రమూ ఇక్కడ స్పష్టంగా వినిపిస్తుంది. 2006 తరువాత వచ్చిన ప్రైవేటు ఎఫ్‌.ఎం. కేంద్రాలు తమను స్థానిక రేడియోలుగానే పరిచయం చేసుకున్నాయి. అయితే అశోక్‌నగర్‌లో నిరుద్యోగ యువత రోడ్డెక్కినప్పుడు ఆ సంగతిని వార్తగా చెప్పే అధికారం వాటికి లేదు. ఆ దారిలో వాహనాలు నిలిచిపోయాయని మాత్రం చెప్పవచ్చు. ఈ విచిత్రమైన విభజన రేఖ ఎలా ఏర్పడిందో తెలియాలంటే హైదరాబాదు రేడియో యాజమాన్యం ఎన్నిసార్లు చేతులు మారిందో, ప్రతిసారీ అనుమతినిచ్చే అధికారం ఎవరి వద్ద నిలిచిందో వేర్వేరుగా పరిశీలించాలి. ఈ రెండూ ఒకటే అనుకోవడం వల్లనే మన ప్రసార చరిత్రలో చాలా విషయాలు మరుగున పడ్డాయి.

హైదరాబాదులో రేడియో ప్రభుత్వ సంస్థగా పుట్టలేదు. 1933లో తపాలా శాఖ ఉద్యోగి మహబూబ్ అలీ చిరాగ్ అలీ లేన్‌లో చిన్న ట్రాన్స్‌మిటర్‌తో ప్రసారాలు ఆరంభించాడు. ఆబిడ్స్ ప్రాంతంలోని ఆ వీధి నారాయణగూడకు నడిచి వెళ్లగలిగినంత దూరం. బొంబాయి, మద్రాసు నగరాలలోనూ ఆరంభం ఇటువంటిదే. మద్రాసులో సి.వి.కృష్ణస్వామి చెట్టి పూనికతో 1924లో రేడియో క్లబ్బు ఏర్పడి, మూడేళ్లకే డబ్బు చాలక మూతపడింది. దాని యంత్రసామగ్రి మద్రాసు కార్పొరేషన్‌కు దక్కగా, 1930 ఏప్రిల్ 1 నుంచి ఆ కార్పొరేషనే ప్రసారాలు నడిపింది. ఒక నగరపాలక సంస్థ రేడియోకు యజమాని కావడం మన దేశ చరిత్రలో అరుదైన ఘట్టం. దానిపై జరగవలసినంత పరిశోధన జరగలేదు. బొంబాయి, కలకత్తాలలో 1927లో కేంద్రాలు నెలకొల్పిన ఇండియన్ బ్రాడ్‌కాస్టింగ్ కంపెనీ 1930 నాటికి దివాలా తీసింది. ఆ తరువాత బ్రిటిషిండియా ప్రభుత్వం ప్రసారాలను తన చేతిలోకి తీసుకుంది. 1936లో ఆ సేవకు ఆలిండియా రేడియో అని పేరు పెట్టింది.

హైదరాబాదులో మహబూబ్ అలీ ప్రయత్నం రెండేళ్లకే సంస్థాన ప్రభుత్వపరమైంది. 1935 ఫిబ్రవరి 3న దక్కన్ రేడియో నిజాం ప్రభుత్వ కేంద్రంగా ప్రసారాలు మొదలుపెట్టింది. ఉర్దూ, తెలుగు, మరాఠీ, కన్నడ భాషలలో కార్యక్రమాలు వెలువడ్డాయి. సంస్థానంలో అత్యధికుల మాతృభాష తెలుగు, పాలనాభాష ఉర్దూ. ఈ వ్యత్యాసం కార్యక్రమాల ప్రాధాన్యంలోనూ ప్రతిఫలించింది. అయినా నాలుగు భాషలు ఒకే కేంద్రం నుంచి వెలువడటం తక్కువ విషయం కాదు.

అదే సంవత్సరం బ్రిటిష్ పార్లమెంటు ఆమోదించిన భారత ప్రభుత్వ చట్టంలోని 129వ సెక్షన్ ఈ సందర్భంలో ప్రత్యేకంగా గమనింపదగినది. రాష్ట్రాలకు, సమాఖ్యలో చేరే సంస్థానాధీశులకు ప్రసారకేంద్రాలు నిర్మించుకొని నడుపుకొనే అవకాశాన్ని సమాఖ్య ప్రభుత్వం అకారణంగా నిరాకరించరాదని ఆ సెక్షన్ చెప్పింది. అంతకన్నా ముఖ్యమైన మాట మరొకటుంది: ఆ కేంద్రాలు ఏమి ప్రసారం చేయాలన్న విషయంపై సమాఖ్య ప్రభుత్వం షరతులు విధించడం చట్టబద్ధం కాదు. హైదరాబాదు ఆ సమాఖ్యలో చేరనే లేదు కనుక ఈ నిబంధన దక్కన్ రేడియోకు వర్తించే అవసరం రాలేదు. కానీ రేడియో స్థానిక ప్రభుత్వాల చేతిలోనూ ఉండవచ్చునన్న ఊహ వలసపాలకుల చట్టంలో కనిపించి, 1950 నాటి రాజ్యాంగంలో కనిపించకపోవడం చిన్న విషయం కాదు. రాజ్యాంగం ఏడవ షెడ్యూలులో కేంద్ర జాబితాలోని 31వ అంశం తంతితపాలాలతో పాటు ప్రసారాలను కూడా పూర్తిగా కేంద్రానికి అప్పగించింది.

ఇందుకు నాటి పరిస్థితులు కారణమన్నది నిజమే. 1948 సెప్టెంబరు 17న మీర్ ఉస్మాన్ అలీఖాన్ స్వయంగా రేడియోలో మాట్లాడి భారత సైన్యంతో పోరు ముగిసిందని ప్రకటించాడు. అంతకుముందు నెలల తరబడి అదే రేడియో సంస్థాన స్వాతంత్ర్య ప్రచారానికి సాధనమైంది. ఒక రేడియో కేంద్రం ఎవరి చేతిలో ఉంటే ఏమవుతుందో ఢిల్లీ పాలకులు హైదరాబాదులోనే చూశారు. 1950 ఏప్రిల్ 1న దక్కన్ రేడియో కేంద్ర ప్రభుత్వ పరమై ఆలిండియా రేడియో హైదరాబాదు కేంద్రంగా మారింది. సైఫాబాదు నుంచి వెలువడిన ప్రాంతీయ వార్తలు, నాటికలు, రైతులకు ఉద్దేశించిన కార్యక్రమాలు తెలుగు శ్రోతను తయారుచేసిన మాట కాదనలేనిది. ఈ కాలంలో స్థానిక భాషకు లభించిన స్థానం దక్కన్ రేడియో కాలానికంటే చాలా పెద్దది. అయితే ఈ కేంద్రం రాష్ట్ర ప్రభుత్వానికి గాని, నగరానికి గాని, శ్రోతకు గాని జవాబుదారీ కాదు. శ్రోత మాత్రం 1980ల మధ్య వరకు తన ఇంటి రేడియోకు పోస్టాఫీసులో లైసెన్సు రుసుము కట్టవలసి వచ్చింది.

వాణిజ్య ప్రసారాలు ఈ కట్టడిలోనుంచే పుట్టాయి. 1957 అక్టోబరు 3న మొదలైన వివిధభారతి, 1967 నవంబరు 1 నుంచి బొంబాయి, పూనా, నాగపూర్ కేంద్రాలలో ప్రకటనలు ప్రసారం చేసింది. తరువాతి కాలంలో ఆ సేవ హైదరాబాదుతో సహా ఇతర నగరాలకు విస్తరించింది. సబ్బులు, టూత్‌పేస్టులు, కొత్త సినిమాలు రేడియోలోకి వచ్చాయి. ప్రభుత్వం వర్తకుడికి నిమిషాలు అమ్మింది గాని తరంగాన్ని అమ్మలేదు. 1993లో బొంబాయి, ఢిల్లీ ఎఫ్‌.ఎం.లపై గంటల వంతున సమయాన్ని ప్రైవేటు సంస్థలకు కేటాయించినప్పుడూ సూత్రం మారలేదు. 1998లో ఆ ఏర్పాటును నిలిపివేయగలిగింది కూడా అందువల్లనే.

మార్పుకు అసలు ఆధారం 1995 ఫిబ్రవరి 9న సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పు. క్రికెట్ అసోసియేషన్ ఆఫ్ బెంగాల్ ఒక టోర్నమెంటు టెలివిజన్ హక్కుల విషయంలో లేవనెత్తిన వివాదమది. జస్టిస్ పి.బి.సావంత్, జస్టిస్ ఎస్.మోహన్ ఒక తీర్పునూ, ఆంధ్రప్రదేశ్ హైకోర్టులో పనిచేసి వెళ్లిన జస్టిస్ బి.పి.జీవన్‌రెడ్డి విడిగా మరొక తీర్పునూ రాశారు. ఆకాశ తరంగాలు ప్రజల ఆస్తి అన్న మాట ఈ తీర్పు నుంచే ప్రచారంలోకి వచ్చింది. కానీ అందులో మరొక సగం ఉంది. ఆ ఆస్తిని నియంత్రించవలసింది ప్రభుత్వం కాదు, సమాజంలోని అన్ని వర్గాలకూ ప్రాతినిధ్యం ఉన్న స్వతంత్ర సంస్థ అని న్యాయస్థానం నిర్దేశించింది. వాక్‌స్వాతంత్ర్యంలో సొంత ప్రసారకేంద్రం పెట్టుకొనే హక్కు ఇమిడి లేదని కూడా జీవన్‌రెడ్డి స్పష్టం చేశారు. అంటే డబ్బున్నవాడి గుత్తాధిపత్యం ప్రభుత్వ గుత్తాధిపత్యానికి మందు కాదన్నది ఆయన ఉద్దేశం. ప్రైవేటీకరణకు ఈ తీర్పును ఆధారంగా చూపేవారు ఈ భాగాన్ని తరచూ విస్మరిస్తారు.

ఆచరణలో ఏమైంది? 1990లో ఆమోదం పొందిన ప్రసారభారతి చట్టం 1997లో అమలులోకి వచ్చింది. అయితే అది ఆకాశవాణి, దూరదర్శన్‌లను నడపడానికే పరిమితం. ప్రైవేటు ప్రసారాలకు స్వతంత్ర నియంత్రణ సంస్థను ప్రతిపాదించిన 1997 బిల్లు చట్టం కాలేదు. తరంగాలు ప్రజల ఆస్తి అన్న సగాన్ని ప్రభుత్వం వేలంపాటకు సమర్థనగా గ్రహించింది. స్వతంత్ర సంస్థ అన్న సగం కాగితంలోనే ఉండిపోయింది. లైసెన్సు ఇచ్చేదీ, షరతులు రాసేదీ, రద్దు చేయగలిగేదీ సమాచార ప్రసార మంత్రిత్వశాఖే.

1999 నాటి తొలి విడతలో 40 నగరాలకు 108 ఛానెళ్లు వేలానికి వచ్చాయి. ఏటా 15 శాతం పెరిగే స్థిర రుసుము భారమై అందులో చాలా భాగం ఎగిరిపోయింది. చివరకు నడిచినవి 12 నగరాలలో 21 కేంద్రాలు. 2005 నాటి రెండవ విడత విధానం ఒకేసారి చెల్లించే ప్రవేశరుసుముతో పాటు స్థూలాదాయంలో 4 శాతం వాటాను నిర్ణయించింది. హైదరాబాదులో ప్రైవేటు ఎఫ్‌.ఎం. ఈ విడతలోనే, 2006లో వినిపించింది: రేడియో సిటీ 91.1, బిగ్ 92.7, ఎస్ ఎఫ్‌.ఎం. 93.5, రేడియో మిర్చి 98.3. వీటి యాజమాన్యాలలో మూడు ముంబయి కేంద్రంగా పనిచేసేవి, ఒకటి చెన్నైకి చెందిన సన్ సంస్థలది. తెలుగునాట అప్పటికే బలంగా ఉన్న పత్రికా యాజమాన్యాలలో ఏ ఒక్కటీ వీటి వెనుక లేదు. 2015లో రేడియో సిటీ ఉత్తరాది హిందీ పత్రికా సంస్థ అయిన జాగరణ్ ప్రకాశన్ చేతికి వెళ్లినప్పుడు చిక్కడపల్లి శ్రోతకు ఆ మార్పు తెలిసే అవకాశమే లేదు. పాటలూ అవే, గొంతులూ అవే.

యాజమాన్యంపై నిబంధనలు లేకపోలేదు. రెండవ విడతలో ఒక సంస్థకు ఒక నగరంలో ఒకే ఛానెల్. దేశం మొత్తం మీద 15 శాతానికి మించరాదు. రాజకీయ, మత సంస్థలు, ప్రకటనల ఏజెన్సీలు అనర్హులు. 2011 నాటి మూడవ విడత విధానంలో, నగరంలో కనీసం ముగ్గురు వేర్వేరు నిర్వాహకులుండాలన్న షరతుపై, ఒకే సంస్థ 40 శాతం ఛానెళ్ల వరకు పొందే వీలు కలిగింది. హైదరాబాదులో మిర్చి రెండవ పౌనఃపున్యం సంపాదించింది ఈ వెసులుబాటుతోనే. ఈ లెక్కలన్నిటిలో యజమాని స్థానికుడై ఉండాలన్న ఊసు ఎక్కడా లేదు. కేంద్రం చేతిలో మిగిలిన అధికారం ఎంతటిదో 2015 వేలంలో తెలిసింది. హోంశాఖ సన్ సంస్థలకు భద్రతాపరమైన అనుమతి నిరాకరించింది. ఏళ్లుగా కేంద్రాలు నడుపుతున్న సంస్థ వేలంలో పాల్గొనడానికి మద్రాసు హైకోర్టును ఆశ్రయించి అనుమతి తెచ్చుకోవలసి వచ్చింది.

ఇక వార్తల సంగతి. రెండవ విడత వరకు ప్రైవేటు రేడియోకు వార్తలు, వర్తమాన వ్యవహారాలు పూర్తిగా నిషిద్ధం. మూడవ విడత విధానం ఆకాశవాణి వార్తలను ఒక్క అక్షరం మార్చకుండా పునఃప్రసారం చేయడానికి అనుమతించింది. దానితో పాటు కొన్ని అంశాలను వార్తలు కానివిగా నిర్వచించింది: ట్రాఫిక్, వాతావరణం, సాంస్కృతిక కార్యక్రమాలు, పండుగలు, పరీక్షలు, ఫలితాలు, ప్రవేశాలు, ఉద్యోగావకాశాలు, స్థానిక యంత్రాంగం అందించిన మేరకు నీరు, విద్యుత్తు వంటి పౌరసౌకర్యాల ప్రకటనలు. ఈ జాబితాను మూడు పేటలకు అన్వయించి చూస్తే దాని స్వరూపం బయటపడుతుంది. గానసభలో కచేరీ ఉందని చెప్పవచ్చు. ఆర్టీసీ క్రాస్‌రోడ్స్‌లో రద్దీని చెప్పవచ్చు. నారాయణగూడలో నల్లా నీరు రాదని అధికారుల మాటలలో చెప్పవచ్చు. ఎందుకు రాదని ఆ అధికారులను నిలదీస్తే అది వర్తమాన వ్యవహారమవుతుంది.

అశోక్‌నగర్ విషయంలో ఇది మరింత తీవ్రం. 2022 అక్టోబరు 16న జరిగిన గ్రూప్–1 ప్రాథమిక పరీక్ష, ప్రశ్నపత్రాల లీకేజీ కారణంగా 2023 మార్చిలో రద్దయింది. జూన్ 11న మళ్లీ నిర్వహించిన పరీక్షను సెప్టెంబరులో హైకోర్టు రద్దు చేసింది. 2024లో 563 పోస్టులకు కొత్త నోటిఫికేషన్ వచ్చింది. ఆ అక్టోబరులో ప్రధాన పరీక్షలకు ముందు జీవో 29కు వ్యతిరేకంగా అభ్యర్థులు అశోక్‌నగర్ వీధులలో ఆందోళనకు దిగారు. ఏళ్ల తరబడి హాస్టల్ గదులలో గడిపినవారి జీవితాలు ఈ నిర్ణయాలపై వేలాడుతున్నాయి. నిబంధన ప్రకారం నోటిఫికేషన్, పరీక్ష తేదీ, రద్దు సమాచారం రేడియోలో చెప్పదగినవి. లీకేజీకి బాధ్యులెవరు, జీవోలో అభ్యంతరమేమిటి, అభ్యర్థులు ఏమంటున్నారు అన్నవి చెప్పదగనివి. అవే పత్రికలలో, టెలివిజన్‌లో, చేతిలోని ఫోనులో రోజంతా వెలువడ్డాయి. ఒకే నగరంలో, ఒకే రోజున, ఒక్క ఎఫ్‌.ఎం. రేడియోకే ఈ మౌనం ఎందుకన్న ప్రశ్నకు భద్రత అన్న జవాబు చాలదు. కామన్ కాజ్ సంస్థ 2013లోనే సుప్రీంకోర్టు ముందుకు ఈ ప్రశ్నను తీసుకువెళ్లింది.

యాజమాన్యాలు ఈ నిషేధాన్ని గట్టిగా ఎదిరించకపోవడానికి ఆర్థిక కారణమూ ఉందని భావించవచ్చు. విలేకరుల జీతం కంటే సినిమా పాట చౌక. ప్రకటనదారుకు వివాదం అక్కరలేదు. 2019 జనవరిలో ఆకాశవాణి వార్తలను ప్రైవేటు కేంద్రాలతో పంచుకొనే ఏర్పాటు మొదలైనప్పుడు తొలుత ఇచ్చినవి ఇంగ్లీషు, హిందీ వార్తలే. తెలుగు నగరానికి అది ఏ మేరకు ఉపయోగమో ఊహించుకోవచ్చు.

వేలంపాట వెలుపల మరొక మార్గం హైదరాబాదుకు వంద కిలోమీటర్ల దూరంలోనే ఏర్పడింది. జహీరాబాద్ ప్రాంతంలోని మాచునూరులో డెక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీకి చెందిన దళిత మహిళలు, యునెస్కో సహాయంతో 1998 నాటికే రేడియో కేంద్రాన్ని సిద్ధం చేసుకున్నారు. లైసెన్సు లేక దాదాపు పదేళ్లు తమ కార్యక్రమాలను క్యాసెట్లలో రికార్డు చేసి సంఘాల సమావేశాలలో వినిపించుకున్నారు. 2006 నవంబరు విధానం స్వచ్ఛంద సంస్థలకు తలుపు తెరిచిన తరువాత, 2008 అక్టోబరు 15న సంగం రేడియో గాలిలోకి వచ్చింది. దానిని ప్రారంభించింది 1995 తీర్పు రాసిన జస్టిస్ సావంత్. యాజమాన్యం నిజంగా స్థానికమైన ఈ కేంద్రానికీ సొంత వార్తలు చెప్పే హక్కు రాలేదు. యజమాని ముంబయి కంపెనీ అయినా, మెతుకుసీమ రైతుకూలీ స్త్రీ అయినా నిషేధం ఒక్కటే. అందువల్ల స్థానిక రేడియో సమస్యకు స్థానిక యాజమాన్యం ఒక్కటే పరిష్కారమన్న వాదం కూడా నిలవదు.

2023 సెప్టెంబరులో టెలికాం నియంత్రణ సంస్థ ట్రాయ్, ప్రైవేటు ఎఫ్‌.ఎం. కేంద్రాలకు గంటకు 10 నిమిషాలు వార్తలు ప్రసారం చేసే అవకాశం ఇవ్వాలని సిఫారసు చేసింది. అదే నివేదికలో వార్షిక రుసుమును ప్రవేశరుసుము నుంచి విడదీయాలన్న సూచన కూడా ఉంది. 2024 ఆగస్టులో కేంద్ర మంత్రివర్గం 234 కొత్త పట్టణాలలో 730 ఛానెళ్ల వేలానికి ఆమోదం తెలిపి, రుసుమును స్థూలాదాయంలో 4 శాతంగా నిర్ణయించింది. వార్తలకు సంబంధించిన సిఫారసు ఆ నిర్ణయంలో చోటు చేసుకోలేదు. రెండు నెలల తరువాత, అశోక్‌నగర్‌లో అభ్యర్థులు రోడ్డు మీద ఉన్న రోజులలో, అమలులో ఉన్నది 2011 నాటి జాబితాయే.