ఆమె సమ్మతియే చాలును

మన ఖరగ్‌పూరునకు ఉత్తరముగా కాంసాయి నదిని దాటినచో మేదినీపురము వచ్చును. అచ్చటి విశ్వవిద్యాలయము ఈశ్వరచంద్ర విద్యాసాగరుని పేర వెలసినది. ఆయన 1820లో జన్మించిన బీర్‌సింహ గ్రామము నేడు మన పశ్చిమ మేదినీపుర జిల్లాలోనిదే. బెంగాలు నాగపూరు రైల్వే కొలువులకై మన పెద్దలు ఉత్తరాంధ్రము నుండి ఈ యూరు చేరుటకు ముందే, ఈ గడ్డపై పుట్టిన పండితుడు చేసిన పని గోదావరీ తీరమును కదలించినది.

విద్యాసాగరుడు 1855లో వితంతువుల పునర్వివాహమునకు చట్టము కావలెనని ప్రభుత్వమునకు విజ్ఞప్తి పంపెను. రాధాకాంత దేవుని పక్షమువారు దానికి ప్రతిగా పంపిన విజ్ఞప్తిపై సంతకములు అనేక రెట్లు అధికము. అయినను 1856లో పదునైదవ చట్టము వెలువడినది. దానిని అందరును వితంతు వివాహ చట్టముగనే ఎరుగుదురు గాని, అందలి ఏడవ సెక్షనును చదివినవారు తక్కువ. బాల్యము వీడక, కాపురమునకు వెళ్లని వితంతువు మరల పెండ్లాడవలెనన్న తండ్రి సమ్మతి కావలెను. తండ్రి లేనిచో తాత, ఆయనయు లేనిచో తల్లి, ఆపై అన్న. (కన్నతల్లికి దొరికినది మూడవ స్థానము!) కాని యుక్తవయస్కురాలికిని, కాపురము చేసినదానికిని ఆమె సమ్మతియే చాలునని అదే సెక్షను పలికినది. ఆ కాలమున ఒక స్త్రీ మాటకు చట్టము అంత విలువ నిచ్చుట సామాన్యము కాదు. అయితే దీనికి వెల లేకపోలేదు: మరల పెండ్లాడిన స్త్రీ మొదటి భర్త ఆస్తిపై తనకున్న హక్కును వదలుకొనవలెనని రెండవ సెక్షను విధించెను.

1870లో విద్యాసాగరుని కుమారుడు నారాయణచంద్రుడు ఒక వితంతువును పరిణయమాడెను. ఇది తన కోరికపై జరిగినది కాదనియు, కుమారుడు స్వయముగా పూనుకొని చేసికొన్నదనియు ఆయన తమ్మునకు వ్రాసెను. ఉద్యమనాయకుడైన తండ్రి ఈ మాట ప్రత్యేకించి వ్రాయుట గమనింపదగినది.

రాజమహేంద్రవరమున కందుకూరి వీరేశలింగము పంతులుగారు 1881 డిసెంబరు 11న జరిపించిన మొదటి వివాహములో వరుడు గోగులపాటి శ్రీరాములు, వధువు గౌరమ్మ. పైడా రామకృష్ణయ్యగారు ధనసహాయము చేసిరి. విద్యార్థులు అండగా నిలిచిరి. వంటవారును నీళ్లు తెచ్చువారును రాక మానగా రాజ్యలక్ష్మమ్మగారే గోదావరి నుండి నీరు మోసి వండి పెట్టిరి. పంతులుగారికి దక్షిణదేశ విద్యాసాగరుడను పేరు ఊరక రాలేదు. కాని గౌరమ్మ బాలవితంతువు. నాటి సంస్కర్తల కృషి అధికముగా ఇట్టి పిల్లలను కాపాడుటకే సాగినది. తన మాటయే చాలునని చెప్పుకొనగల ప్రౌఢ వితంతువుకు చట్టము తోడున్నను ఇరుగుపొరుగు తోడు లేకుండెను.

1875 నాటి చట్టము పదునెనిమిదేండ్లకు యుక్తవయస్సు వచ్చునని నిర్ణయించుచునే, వివాహ విషయమును తన పరిధినుండి తప్పించినది. 1872 నాటి ప్రత్యేక వివాహ చట్టము ఇరువదియొక్క యేండ్లు నిండనివారికి తండ్రి లేక సంరక్షకుని అనుమతిని విధించినది. 1955 నాటి హిందూ వివాహ చట్టమునందును పదునెనిమిది నిండని వధువునకు సంరక్షకుని సమ్మతి కావలసియుండెను; 1978లో వధువు కనీస వయస్సును పదునెనిమిదిగా పెంచినపుడు ఆ నిబంధనను తొలగించిరి. విద్యాసాగరుడు సాధించిన చట్టము 1983లో రద్దయినది. దాని యవసరము అప్పటికి తీరినది.

కాని తగవు తీరలేదు. కేరళలో ఇరువదినాలుగేండ్ల యువతి వివాహమును హైకోర్టు 2017లో రద్దుపరచగా, 2018లో సుప్రీంకోర్టు ఆ తీర్పును కొట్టివేసి, వయోజనులు జీవిత భాగస్వామిని ఎన్నుకొనుట రాజ్యాంగపు ఇరువదియొకటవ అధికరణము కాపాడు స్వేచ్ఛలోనిదని చెప్పినది. 1954 నాటి ప్రత్యేక వివాహ చట్టము క్రింద పెండ్లాడగోరువారి నోటీసును వివాహాధికారి తన కార్యాలయమున అందరికిని కనబడునట్లు అంటించును. ముప్పది దినములలో ఎవరైనను ఆక్షేపణ తెలుపవచ్చును. అయితే దానికి తగిన కారణములను చట్టమే పేర్కొన్నది. తలిదండ్రుల కిష్టము లేకుండుట వానిలో లేదు.