రస్సెల్ గీయించిన కోడిపుంజు

మధురవాడ దాటి రుషికొండ దిగితే ఎదురుగా సముద్రం. అండమాన్‌లోలా ఇక్కడ పగడపు దిబ్బలు లేవు, ఉన్నవి రాళ్లే. అయినా కరీబియన్‌లో అలాంటి దిబ్బల్ని గుల్ల చేస్తున్న చేపకు విశాఖలో దగ్గరి చుట్టం ఉంది. దాని బొమ్మ రెండు వందల ఇరవై ఏళ్ల కిందటే అచ్చయింది.

ఈస్టిండియా కంపెనీ కొలువులో ఉన్న వైద్యుడు పాట్రిక్ రస్సెల్ 1780ల్లో విశాఖపట్నంలో ఉన్నాడు. రక్తపింజరి శాస్త్రీయ నామంలోని ‘రస్సెలీ’ ఆయనే. పాములు చాలనట్టు, ఇక్కడి చేపలు రెండు వందలకు బొమ్మలు గీయించి 1803లో లండన్‌లో పుస్తకం వేశాడు. ఊళ్లో జనం పిలిచే పేర్లనే వాటికి ఉంచడం ఆయన చేసిన మంచి పని. అందులో ఒకటి ‘కోడిపుంగి’. తెల్లవాడి చెవికి అలా వినిపించింది గానీ మనకది కోడిపుంజే. ఒంటినిండా ఎర్రటి చారలు, ఈకల్లా విచ్చుకున్న రెక్కలు, వీపు మీద నిక్కిన విషపు ముళ్లు. ఇంగ్లీషువాళ్లు లయన్‌ఫిష్ అన్నారు. మన పేరే నయం.

ఇక్కడ అది పదిమందిలో ఒకటి. దాని దాయాదులు రెండు మాత్రం, అక్వేరియం వ్యాపారం పుణ్యమా అని కాబోలు, అట్లాంటిక్‌లో పడ్డాయి. 1985లో ఫ్లోరిడా దగ్గర మొదట కనిపించాయి, తర్వాత కరీబియన్ అంతా పాకాయి. అక్కడి చిన్నచేపలకు ఈ పుంజు శత్రువని తెలియదు. బహమాస్‌లో చిన్న దిబ్బల మీద ఒక్కో లయన్‌ఫిష్‌ను వదిలి చూస్తే, అయిదు వారాల్లో కొత్తగా చేరే పిల్లచేపలు 79 శాతం తగ్గాయి. నాచు మేసే చిలకచేపలూ దాని పొట్టలోకే పోతాయి. ఇక నాచు పగడాల్ని కమ్మేసే ప్రమాదం ఉంది.

అటునుంచి ఇటూ ఒకటి వచ్చింది, అదీ అంతకు ముందే. 1967లో విశాఖ హార్బరులో గోరంత గుల్ల ఒకటి దొరికింది. పోగులతో ఒకదాన్నొకటి పట్టుకుని గుత్తులు గుత్తులుగా దేనికైనా అంటుకుంటుంది. పుట్టిల్లు కరీబియన్ వైపు. ఓడల అడుగున అంటుకుని వచ్చిందని అంచనా. ఆంధ్ర విశ్వవిద్యాలయం ఆచార్యుడు పి.ఎన్. గణపతి, సహచరులు 1971లో దాని సంగతి ప్రకటించారు. కొన్నేళ్లకే బొంబాయిలోనూ తేలింది.

అదే గుల్ల 1999లో ఆస్ట్రేలియాలోని డార్విన్‌లో కనబడితే, వాళ్లు పడవల రేవులు మూసేసి, నీళ్లలో బ్లీచింగూ మైలుతుత్తమూ గుమ్మరించారు. గుల్లతోపాటు అక్కడున్న ప్రాణులన్నీ చచ్చాయి. నెల తిరక్కుండానే రేవులు శుభ్రపడ్డాయి.