ప్రత్యర్థి యంత్రమైనప్పుడు

ఏ విద్యకైనను సాధన కావలెను. అయితే కొన్ని విద్యలకు ఒంటరి సాధన చాలదు. వీణ నేర్చుకొను వాడు గదిలో ఒక్కడే కూర్చుండి సాధన చేయవచ్చును. కుస్తీ నేర్చుకొను వానికి ఎదుట మరియొక మల్లుడు ఉండవలెను. చదరంగమైనను, కత్తిసామైనను, నేడు కంప్యూటరు తెరమీద ఆడు పోరాట క్రీడయైనను ఈ రెండవ జాతికి చెందినవే. వీటిలో ప్రత్యర్థి లేనిదే ఆట లేదు. కాని తగిన ప్రత్యర్థి ఎల్లవేళల దొరకడు. దొరికినను, నేర్చుకొను వానికంటె ఎన్నో రెట్లు గట్టివాడు కావచ్చును. అందువలన మనిషికి బదులు ఒక వస్తువును నిలిపి, దానితో పోరాడి నేర్చుకొను పద్ధతి చాల పూర్వమే పుట్టినది. ఆ వస్తువు క్రమముగా ఎత్తు వేయు యంత్రముగా ఎట్లు మారినదో, దానితో సాధన చేసిన వారికి ఏమి లభించినదో, ఏమి లభించలేదో పరిశీలింతము.

కొయ్య ప్రత్యర్థి

రోమను సామ్రాజ్యపు చివరి దశలో వెజెటియస్ అను రచయిత సైనిక శిక్షణను గూర్చి ఒక గ్రంథము వ్రాసినాడు. కొత్తగా చేరిన సైనికులు నేలలో పాతిన 6 అడుగుల గుంజను శత్రువుగా భావించి, దాని తలకు, ప్రక్కలకు, కాళ్లకు గురిపెట్టి కొట్టుచు సాధన చేసెడివారని అందులో చెప్పినాడు. వారికిచ్చు కొయ్యకత్తి నిజమైన కత్తికంటె రెట్టింపు బరువుండెడిది. ఆ గుంజ అలసిపోదు, గాయపడదు. కాని అది తిరిగి కొట్టదు.

మధ్యయుగములలో ఐరోపా రౌతులు ఈ లోపమును కొంతవరకు తీర్చినారు. నిలువు స్తంభముపై తిరుగు అడ్డకర్ర నొకదానిని అమర్చి, ఒక కొనకు డాలును, రెండవ కొనకు ఇసుక సంచిని కట్టెడివారు. రౌతు గుర్రముపై దూసుకొని వచ్చి ఈటెతో డాలును పొడిచినంతనే అడ్డకర్ర గిర్రున తిరుగును. ముందుకు సాగిపోవుటలో ఆలస్యమైనచో ఇసుక సంచి వీపున తగులును. తప్పు చేసినవానిని తక్షణమే దండించు సాధన యంత్రము ఇది. కాని ఎవరు వచ్చినను, ఎన్నిసార్లు వచ్చినను అది ఒకే తీరున తిరుగును. దానిని తప్పించుకొనుట నేర్చినవాడు శత్రువును తప్పించుకొనుట నేర్చినట్లు కాదు. ఈ చిన్న విషయమే మున్ముందు పెద్ద ప్రశ్నయైనది.

ఎత్తు వేయు యంత్రము

మనిషి వేసిన ఎత్తును గమనించి, తానై మారుటెత్తు వేసిన తొలి యంత్రములలో స్పెయిన్ దేశపు ఇంజనీరు లియోనార్డో టోరెస్ కెవేదో 1912లో నిర్మించినది ముఖ్యమైనది. ఇది చదరంగములోని ఒకే ఒక ముగింపు స్థితిని ఆడగలదు. యంత్రమునకు రాజు, ఏనుగు ఉండును. మనిషికి రాజు మాత్రమే ఉండును. మనిషి తన రాజును ఏ గడికి జరిపినను, విద్యుత్ సంబంధముల ద్వారా యంత్రము ఆ గడిని గుర్తించి, తన పావును జరిపి, చివరకు ఆట కట్టించును. ఈ యంత్రమును 1914లో పారిస్ నగరమున ప్రదర్శించినారు. ఇది ఎన్నడును ఓడిపోదు. కాని ఎన్నడును కొత్తది నేర్చుకొనదు.

నేర్చుకొను యంత్రమునకై మరి నాలుగు దశాబ్దములు వేచియుండవలసి వచ్చినది. అమెరికాలో ఐ.బి.ఎం. సంస్థలో పనిచేసిన ఆర్థర్ శామ్యూల్ 1950 తరువాతి సంవత్సరములలో చెకర్స్ ఆడు ప్రోగ్రామును రూపొందించినాడు. 1959లో ఆయన ప్రకటించిన వ్యాసములో ఒక చక్కని ఏర్పాటు కనిపించును. ఒకే యంత్రములో ఆయన ఇద్దరు ఆటగాండ్రను నిలిపినాడు. ఒకని పేరు ఆల్ఫా, రెండవవాని పేరు బీటా. ఆల్ఫా ఆడుచు ఆడుచు తన లెక్కలను సవరించుకొనుచుండును; బీటా లెక్కలు మారవు. ఆల్ఫా గెలిచినచో, ఆతని కొత్త లెక్కలను బీటాకు ఇచ్చి, ఆటను మరల మొదలుపెట్టుదురు. ఈ విధముగా 8 లేక 10 గంటలు ఆడిన యంత్రము, తనను తయారుచేసిన వానికంటె మెరుగుగా ఆడగలదని శామ్యూల్ చూపినాడు.

ఇక్కడ ఒక వింత గమనింపదగినది. అంతవరకు మనిషి సాధనకు యంత్రము ప్రత్యర్థిగా ఉండెడిది. ఇప్పుడు యంత్రము సాధనకు మరియొక యంత్రమే ప్రత్యర్థియైనది. 1992లో అదే సంస్థకు చెందిన జెరాల్డ్ టెసారో, బాక్‌గామన్ అను పాచికల ఆటలో ఈ మార్గమునే అనుసరించినాడు. ఆయన ప్రోగ్రాము తనతో తాను లక్షల ఆటలు ఆడి నేర్చుకొన్నది. పాచికల మీద కొన్ని అంకెలు పడినప్పుడు అది వేసిన తొలి ఎత్తులు నిపుణుల అలవాటుకు భిన్నముగా ఉండెను. పరిశీలించి చూడగా యంత్రపు ఎత్తులే మేలని తేలి, నిపుణులే తమ పద్ధతిని మార్చుకొన్నారు.

తెరమీది బాట్లు

చెక్ రచయిత కారెల్ చాపెక్ 1920లో వ్రాసిన నాటకము ద్వారా ‘రోబో’ అను మాట లోకమున వ్యాపించినది. దాని ఆంగ్ల రూపమైన ‘రోబాట్’ చివరి ముక్కయే ‘బాట్’. కంప్యూటరు క్రీడలలో మనిషికి బదులు ఆడు ప్రోగ్రామునకు ఇప్పుడిదే పేరు.

1996లో వెలువడిన ‘క్వేక్’ అను తుపాకీ పోరాట క్రీడను, దూరదూరములనున్న ఆటగాండ్రు ఇంటర్నెట్ ద్వారా కలిసి ఆడవచ్చును. కాని ఆ రోజులలో అందరికిని ఆ సౌకర్యము లేదు. ఉన్నవారికి సహితము దానికి ముందు చేయి తిరుగవలెను. స్టీవెన్ పోల్జ్ అను యువకుడు ఆ సంవత్సరమే ‘రీపర్’ అను బాట్‌ను తయారుచేసి ఈ కొరత తీర్చినాడు. పిమ్మట ఎపిక్ సంస్థ ఆయనను చేర్చుకొన్నది. 1999 నాటి ‘అన్‌రియల్ టోర్నమెంట్’ బాట్లు ఆయన పనియే. అదే సంవత్సరము వచ్చిన ‘క్వేక్ 3 అరీనా’ బాట్లను నెదర్లాండ్స్ దేశస్థుడు యాన్ పౌల్ ఫాన్ వావెరెన్ రూపొందించినాడు.

ఈ పనిలో కష్టమెక్కడ ఉన్నదో తెలిసికొన్న ఆశ్చర్యము కలుగును. తెరమీద ఏ వస్తువు ఎక్కడ ఉన్నదో కంప్యూటరుకు ముందే అంకెలలో తెలియును. కనుక గురి తప్పని, రెప్పపాటు ఆలస్యము చేయని బాట్‌ను వ్రాయుట సులభము. అట్టిదానితో ఆడినవాడు నిమిషమునకు పదిసార్లు చచ్చి, విసిగి లేచిపోవును. కష్టమంతయు బాట్‌ను మనిషివలె తప్పులు చేయించుటలో ఉన్నది. అందుకే క్వేక్ 3లో బాట్లకు 5 స్థాయిలు ఏర్పరచినారు. స్థాయిని బట్టి గురి నాణ్యత మారును. శత్రువును చూచినప్పటి నుండి స్పందించుటకు పట్టు కాలము మారును. 2004లో ‘కౌంటర్ స్ట్రైక్’ క్రీడకు అధికారిక బాట్‌ను తయారుచేసిన మైకేల్ బూత్ కూడ, మనిషితో ఆడినట్లే ఉండు బాట్‌నే లక్ష్యముగా పెట్టుకొన్నాడు. మంచి గురువు శిష్యునితో చదరంగము ఆడునప్పుడు తన శక్తినంతయు చూపడు గదా!

ఐదుగురికి ఐదుగురు

2003లో ‘వార్‌క్రాఫ్ట్ 3’ అను క్రీడకు అభిమానులు చేసిన మార్పుల నుండి ‘డోటా’ అను కొత్త జాతి క్రీడ స్థిరపడినది. 2009లో ‘లీగ్ ఆఫ్ లెజెండ్స్’, 2013లో ‘డోటా 2’ దీని వారసులుగా వచ్చినవి. వీటిలో 5 గురు ఒక పక్షము, 5 గురు మరియొక పక్షము. ప్రతివాడును ఒక్కొక్క వీరుని ఎన్నుకొనును. రెండు కోటల నడుమ మూడు బాటలు. డోటా 2లో ప్రతి 30 సెకండ్లకు ఇరుపక్షముల నుండి భటుల దండు బయలుదేరి, బాటలలో ఎదురెదురుగా పోరాడును. శత్రుభటునిపై ప్రాణము తీయు చివరి దెబ్బ కొట్టిన వీరునికి బంగారము లభించును. ఆ బంగారముతో ఆయుధములు కొని, బురుజులు కూల్చి, చివరకు శత్రుకోటలోని మూలస్థానమును ధ్వంసము చేసినవారిది గెలుపు. ఒక్కొక్క ఆటకు సుమారు ముప్పావు గంట పట్టును.

ఇట్టి ఆటలో కొత్తవాడు నేరుగా మనుష్యుల నడుమకు పోయినచో నష్టము అతనికి మాత్రమే కాదు. తక్కిన నలుగురికిని కలుగును. కావున బాట్లతో సాధన చేయు ఏర్పాటు ఈ క్రీడలలో తప్పనిసరియైనది. డోటా 2లో చేతులు కట్టుకొని నిలుచు బాట్ మొదలు, అన్యాయమనిపించునంత గట్టి బాట్ వరకు 5 తరగతులు కలవు.

బాట్లు నేర్పునది తక్కువ కాదు. చివరి దెబ్బ సరియైన క్షణమున కొట్టుటకు కన్నును, చేతిని కలుపుకొనవలెను; అది వందలసార్లు చేసినగాని పట్టుబడదు. తిట్టు సహచరులు లేనిచోట, తీరికగా ఆ పని చేసికొనవచ్చును. ఏ వీరుని శక్తి ఎంత దూరము పనిచేయునో, ఏ ఆయుధము ఎప్పుడు కొనవలెనో తెలిసికొనవచ్చును. కాని నియమముల పట్టికను అనుసరించి నడుచు బాట్, ఒకే పరిస్థితికి ఒకే విధముగా స్పందించును. రెండు మూడు రోజులలో సాధకుడు దాని బలహీనతను కనిపెట్టును. అటుపై అతడు నేర్చుకొనునది ఆటను కాదు, ఆ బాట్‌ను. ఎరవేసి చీకటిలో దాగియుండు మనుష్యుడు ఎదురైనప్పుడు, పాత ఇసుక సంచి రౌతువలె అతడు తికమకపడును.

యంత్రమునకు తప్పని పాఠము

ఈ మాట మనుష్యులకు మాత్రమే చెల్లునా? ఓపెన్ ఏఐ అను అమెరికన్ సంస్థ చేసిన ప్రయోగము దీనికి సమాధానము చెప్పినది. డోటా 2లో ఒకనికి ఒకడు ఆడు పద్ధతిలో, తనతో తాను ఆడుచు నేర్చుకొను ప్రోగ్రామును ఆ సంస్థ తయారుచేసినది. 2017 మార్చి నాటికి అది బాట్లను ఓడించినది. కాని మనుష్యులు ఎదురైనప్పుడు తికమకపడినది! అప్పుడు శాస్త్రజ్ఞులు సాధనలో మార్పు చేసినారు. వీరుల ఆయువును, వేగమును, ఆరంభ స్థాయిని సాధన సమయమున యాదృచ్ఛికముగా మార్చుచు వచ్చినారు. ఎప్పుడును ఒకే తీరున లేని పరిస్థితులలో ఆడిన పిమ్మటనే ఆ ప్రోగ్రాము మనుష్యులను గెలువసాగినది. ఆ ఆగస్టులో సియాటిల్ నగరమున, వేలమంది ప్రేక్షకుల ఎదుట, డెండి అను పేరుతో ప్రసిద్ధుడైన ఉక్రెయిన్ ఆటగాడు డానిలో ఇషుటిన్‌ను అది ఓడించినది. అయినను తరువాత దానితో ఆడ వచ్చిన ఆటగాండ్రు ఊరక యుండలేదు. భటులను బాట నుండి ప్రక్కకు లాగుట వంటి, అది ఎన్నడును చూడని ఉపాయములు పన్ని దానిని ఓడించినారు.

తరువాత ఐదుగురి పక్షముగా ఆడు ప్రోగ్రాము వచ్చినది. అది నూటికి 80 ఆటలు నేటి తనతోను, 20 ఆటలు తన పాత రూపములతోను ఆడినది. ఎందుకనగా, నేటి తనను ఓడించుటయే పనిగా పెట్టుకొన్నవాడు నిన్నటి తప్పును నిన్నటి ఉపాయమును రెండింటిని మరచిపోవచ్చును. 2018 ఆగస్టులో వాంకూవర్‌లో ఈ ప్రోగ్రాము నిపుణుల జట్లతో రెండాటలు ఆడి రెండును ఓడిపోయినది. 2019 ఏప్రిల్ 13న శాన్ ఫ్రాన్సిస్కోలో, నాటి ప్రపంచ విజేతలైన ‘ఓజి’ జట్టును 2-0 తేడాతో గెలిచినది. అప్పటికి 10 నెలలలో అది ఆడిన ఆటల కాలము, ఒకటొకటిగా లెక్కించినచో, సుమారు 45,000 సంవత్సరములు. ఆ పోటీలో నూటికి పైగా గల వీరులలో 17 గురిని మాత్రమే అనుమతించినారు. ఆ నెల 18 నుండి 21 వరకు అందరికిని అవకాశమిచ్చి ఆడించిన 7,000కు పైగా ఆటలలో అది నూటికి 99.4 వంతులు గెలిచినది. అంత సాధన తరువాత కూడ మనుష్యులు దానిని 42 ఆటలలో ఓడించగలిగినారు.

ఏ వరుసలో?

యంత్రముతో సాధన ఎంతవరకు, ఎప్పుడు అన్న ప్రశ్నకు చదరంగము నుండి ఒక ఉదాహరణము కలదు. చెన్నైలో తెలుగు కుటుంబమున పుట్టిన దొమ్మరాజు గుకేశ్ 2024 డిసెంబరు 12న సింగపూరులో చైనా ఆటగాడు డింగ్ లిరెన్‌ను ఓడించి, 18 ఏండ్ల ప్రాయమున ప్రపంచ విజేతయైనాడు. చదరంగ ప్రోగ్రాములు ప్రతి ఇంటను దొరకు ఈ కాలమున, శిక్షకుడు విష్ణు ప్రసన్న గుకేశ్‌ను 2500 రేటింగు అందుకొను వరకు వాటికి దూరముగా ఉంచినాడు. ఎత్తు మంచిదో చెడ్డదో బాలుడు తన బుద్ధితోనే తేల్చుకొనవలెనని ఆయన ఉద్దేశము. యంత్రము పిమ్మట వచ్చినది; కాని ఆలోచన అలవడిన పిమ్మటనే వచ్చినది.

ఇది యంత్రమును నిందించుట కాదు. చేతివాటము పట్టుబడుటకు అలసట లేని ప్రత్యర్థి మంచి తోడు. నిపుణులకు అది కొత్త ఎత్తులను సహితము నేర్పినది. కాని మార్పులేని ప్రత్యర్థితో చేయు సాధన ఆ ప్రత్యర్థి దగ్గరనే ఆగిపోవును. తరగతి గదిలో ఈ విషయము కొత్తది కాదు. గత సంవత్సరపు ప్రశ్నలనే పదిమార్లు చేసి నూటికి నూరు తెచ్చుకొన్న విద్యార్థి, లెక్కలో అంకెలకు బదులు పరిస్థితి మారినప్పుడు కలము ఆపి చూచును. అట్టివానికి కావలసినది మరి పది పాత ప్రశ్నలు కాదు. లెక్కను మార్చి ఇచ్చు ఒక ఉపాధ్యాయుడు, ఎదురు ప్రశ్న వేయు ఒక తోటి విద్యార్థి కావలెను. 45,000 సంవత్సరముల ఆట ఆడిన యంత్రమునకు సైతము, పరిస్థితి మార్చి ఆడించువాడు అవసరమైనాడు.