వెలగిరి మహాచైత్యం: శిల్పే దాత అయినచోట

జగ్గయ్యపేట స్తూపం గురించి రాసేవాళ్ల చూపు ముందుగా ఒక్క ఫలకం మీదనే నిలుస్తుంది. ఇప్పుడు చెన్నై ప్రభుత్వ మ్యూజియంలో ఉన్న ఆ పాలరాతి ఛాయ సున్నపురాతి పలక మీద మాంధాత చక్రవర్తి చెయ్యెత్తి నిలబడితే మబ్బుల్లోంచి నాణేలు కురుస్తాయి. చుట్టూ చక్రం, ఏనుగు, గుర్రం, రాణి తదితర సప్తరత్నాలు. క్రీ.పూ. 1వ శతాబ్దం నాటిదని ఎక్కువమంది భావించే ఈ మాంధాత శిల్పం ఎంత ప్రసిద్ధమైందంటే, స్తూపం మొత్తాన్నీ రాజుల కథగానే చదవడం అలవాటైంది. శాసనాలు చెప్పేది మరొకటి.

ఈ స్తూపం ఉన్న ధనంబోడు గుట్ట మీద 1882లో పురావస్తు పరిశోధకుడు జేమ్స్ బర్జెస్ పరిశీలించిన అవశేషాల్లో ఒకే పాఠం చెక్కిన ఆయక స్తంభాలు (స్తూపం నాలుగు దిక్కుల వేదికల మీద నిలిపేవి) ఉన్నాయి. ఇక్ష్వాకు రాజు మాఠరీపుత్ర వీరపురుషదత్తుని 20వ పాలనా సంవత్సరంలో, అంటే క్రీ.శ. 3వ శతాబ్దంలో, వెలగిరి గ్రామంలోని బుద్ధుని మహాచైత్యం (శాసనంలో ఈ స్తూపం పేరు ఇదే) తూర్పు ద్వారం దగ్గర అయిదు ఆయక స్తంభాలు నిలిపినవాడు సిద్ధార్థుడు. అతడు శిల్పి, తండ్రి నాకచందుడూ శిల్పే. తల్లి నాగిలని, భార్య సముదని, కొడుకు మూలసిరి పేర్లు కూడా ఆ రాతి మీదే ఉన్నాయి. రాజు పేరు ఇక్కడ కాలం చెప్పడానికే వచ్చింది, దానంలో అతనికి పాలు లేదు.

ఇదే రాజు 6వ పాలనా సంవత్సరంలో నాగార్జునకొండ మహాచైత్యానికి స్తంభాలు ఎత్తించింది అతని మేనత్త చాంతసిరి. పద్నాలుగేళ్ల తేడాతో, ఒకే రకం స్తంభాలను అక్కడ రాజకుటుంబం, ఇక్కడ పనివాళ్ల ఇల్లు ఇచ్చాయి. కనుక ఆయక స్తంభం రాజాదరణకు గుర్తన్న వాదన నిలవదు.

ఫ్రాన్సులోని ఓతన్ కెథెడ్రల్ ద్వారం మీద 12వ శతాబ్దంలో చెక్కిన గిస్లెబెర్తుస్ పేరు శిల్పిదా, పోషకుడిదా అని పండితులు ఇంకా తగువులాడుతున్నారు. వెలగిరిలో ఆ తగువుకు తావు లేదు. సిద్ధార్థుడు తన వృత్తిని, దానాన్ని రెంటినీ తానే చెప్పుకున్నాడు. స్తంభాలను తన చేత్తోనే చెక్కాడా అన్నది మాత్రం శాసనం చెప్పదు. చెక్కాడని రాసేసేవాళ్లు కాస్త తొందరపడుతున్నారు.

నాకు ముఖ్యమనిపించేది ఊళ్ల పేర్లు. తండ్రిది కమ్మకరాష్ట్రంలోని నడతూరు, సిద్ధార్థుడి కాపురం మహాకాడూరు, దానం వెలగిరిలో. శిల్పులు పనిని బట్టి ఊళ్లు మారేవారనడానికి ఇంతకంటే సూటి ఆధారం అరుదు. పాత నందిగామ తాలూకాలోని గుమ్మడిదుర్రు బౌద్ధ స్తూపం ఫలకాల్లో కనిపించే అమరావతి పోలికలను ‘ప్రభావం’ అని దాటవేయకుండా, ఇలాంటి కుటుంబాల రాకపోకల వెలుగులో మళ్లీ చూడాలి.